ఇంట నల్లా వలదు

వెలుగుకూ నల్లాకూ మధ్య ఏం పగ? ఈ సందేహం ఉపేందర్‌ను పందొమ్మిదేళ్లుగా వదల్లేదు. పంటి సందులో ఇరికిన వక్కముక్కలాగా, నాలుక అటు పోయినప్పుడల్లా తగులుతూనే ఉంది. తీసి పారేద్దామంటే రాదు, మరిచిపోదామంటే ఊరుకోదు.

దేవుడి విషయంలో అతనికి ఏ సందేహమూ లేదు. పొద్దున్నే తానం చేసి, వెంకన్న పటం ముందు దీపం వెలిగించి, రెండు అగరొత్తులు గుచ్చితే గానీ చాయ్ ముట్టడు. శనివారం ఒక్కపొద్దు. చిక్కంతా తాను దేవుడికి అదనంగా తగిలించుకున్న వన్నెబాటతోనే వచ్చింది.

ఉపేందర్ సూర్యాపేటలో ఒక పెయింట్ల దుకాణంలో పనిచేస్తాడు. పదో తరగతి పాసయ్యాడు, అదీ రెండోసారికి. పందొమ్మిదేళ్ల కింద ఒక ఆదివారం, కోదాడలో కొత్తగా కట్టిన ఒక హాలుకు ఇరవై డబ్బాల తెల్లరంగు ట్రాలీ ఆటోలో వేసుకొని వెళ్లాడు. అక్కడ కిటికీ దగ్గర గాజు గ్లాసులో నీళ్లు పట్టుకొని ఒక పెద్దాయన నిలబడి ఉన్నాడు. ఎండ ఆ నీళ్లలోంచి దూరి ఎదుటి గోడ మీద బెత్తెడు రంగుల చారగా పడింది. కింద చాపల మీద నలభై మంది కూర్చొని, ఆ చారను గుళ్లో హారతిని చూసినట్టు చూస్తున్నారు.

ఆ పెద్దాయన పేరు సోమయ్య. చీరలకు రంగులద్దే పనివాడు. కృష్ణా జిల్లా వైపు నుంచి వచ్చి కోదాడలో స్థిరపడ్డాడు. నలభై ఏళ్లు రంగు తొట్ల ముందు కూర్చొని కూర్చొని ఆయనకు ఒక ఆలోచన తట్టింది. దాన్నే వన్నెబాట అన్నారు.

"వెలుగొచ్చి ప్రతి వస్తువునీ పలకరిస్తుందండీ," అంటున్నాడాయన. "ఈ ఎర్రచీర ఉంది. మిగతా రంగులన్నీ తనే ఉంచేసుకుని, ఎరుపొక్కటే తిరిగిచ్చేస్తుంది. మనమేమో దాన్ని ఎర్రచీర అంటాం. చూశారా, ఉంచుకున్నదాన్ని బట్టి కాదు, తిరిగిచ్చినదాన్ని బట్టే పేరు. రంగంటే మరేం కాదు, వెలుగుకి వస్తువు చెప్పే బదులు."

ఉపేందర్ పెయింట్ల డబ్బాలు దించడం మరిచిపోయాడు. బదులంటే జవాబూ అవుతుంది, చేబదులూ అవుతుంది. పొద్దున లేస్తే రంగులమ్ముకునే తనకు రంగంటే ఇదని ఇన్నాళ్లూ ఎవరూ చెప్పలేదు. ఆటో డ్రైవర్ బయటినుంచి హారన్ కొడుతూనే ఉన్నాడు.

చివర్లో సోమయ్య మైకు అందుకొని ఒక పాట ఎత్తుకున్నాడు. అందరూ చప్పట్లు చరుస్తూ వంత పాడారు.

"ఇంట నల్లా... వలదూ... నోట కల్లా... వలదూ..."

నోట కల్ల వద్దంటే అబద్ధమాడొద్దని. అది ఎవరికైనా తెలుసు. ఇంట నల్లా వద్దంటే? సూర్యాపేటలో పుట్టి పెరిగిన మనిషికి నల్లా అంటే ఇంకేముంటుంది, నీళ్లు వచ్చే నల్లానే.

మహానుభావుడు ఏదో లోతు చూసే అని ఉంటాడనుకున్నాడు ఉపేందర్. లోతు తనకు అందకపోతే అది లోతుకే నిదర్శనం అనుకున్నాడు. ఆ సాయంత్రమే పక్క సందులోంచి పానా అడిగి తెచ్చి, వాకిట్లో ఉన్న నల్లా విప్పి, పైపుకు కట్టె బిరడా కొట్టేశాడు.

భార్య కళ్యాణి చేతిలో బియ్యం గిన్నెతో నిలబడి చూసింది. "ఏందయ్యా, బాగున్న నల్లా ఎందుకు పీకినవ్?"

"ఇంట్ల నల్లా ఉండొద్దట. గురువుగారు చెప్పిండు."

"ఆయనింట్ల నీళ్లు తాగరా?"

"తాగుతరు గావచ్చు."

"మరి ఏడికెల్లి వస్తయి?"

ఉపేందర్‌కు అది అడగాలని తోచలేదు. అడగాల్సింది వెంటనే అడగకపోతే, ఆ తరువాత అడగడానికి సిగ్గవుతుంది. ఆ సిగ్గు పందొమ్మిదేళ్లు పెరిగింది.

కళ్యాణి బిందె తీసుకొని పక్కింటి సువార్తమ్మ దగ్గరికి పోయింది. సువార్తమ్మ అంగన్‌వాడీలో ఆయా. ఆదివారం చర్చి, మిగతా ఆరు రోజులూ పిల్లలు, నోటికి మాత్రం సెలవు లేదు.

"వదినా, ఒక్క బిందె బదులియ్యి. మావోనికి ఏందో పూనింది. రేపు నల్లా బిగియ్యంగనే నీ బిందె నీకిస్త."

"నీళ్లకు బదులేందే, పట్టుకపో."

"ఊకె వద్దు వదినా. బదులే."

మొగుడికి పూనింది తెల్లారేసరికి దిగుతుందని ఆమె నమ్మకం. దిగలేదు. ఆ రోజు నుంచి సువార్తమ్మకు అదొక ఆట అయింది. కళ్యాణి బిందెతో వాకిట్లో అడుగుపెట్టగానే, "నా బిందె బదులు తెచ్చినవానే?" అని అడిగేది. "రేపు వదినా" అనేది కళ్యాణి. పందొమ్మిదేళ్లూ ఆ రేపు రానేలేదు.

తాను పట్టిన కుందేటికి మూడే కాళ్లు అన్న మనిషి, నాలుగో కాలు ఎందుకు లేదో కూడా చెప్పుకోవాలి కదా. ఉపేందర్ అదీ చేశాడు. సూర్యాపేటలో ఏడు కుటుంబాలను వన్నెబాటలోకి తెచ్చి, ఆదివారం పూట తన ఇంట్లోనే గ్లాసు పట్టుకొని నిలబడేవాడు. నల్లా ఎందుకు వద్దని ఒకరు అడిగితే, ఆలోచించి ఆలోచించి ఇలా అన్నాడు: "పైపుల నీళ్లు చీకట్ల నడిచొస్తయి. వెలుగు సూడని నీళ్లు ఇంట్లకు రావద్దు."

వెనకాల చాయ్ పోస్తున్న కళ్యాణి ఊరుకోలేదు. "సువార్తమ్మొదిన నల్లా నీళ్లు గూడ గా పైపుల్నే వస్తయి గద?"

"వాళ్ల వాకిట్లకెల్లి మన వాకిట్లకు వచ్చేటప్పుడు ఎండ తగుల్తది."

"నల్లా వచ్చేది పొద్దుగాల ఐదింటికి. గప్పుడు ఏడుంటదయ్యా ఎండ?"

ఏడు కుటుంబాలూ అతని మొహమే చూస్తున్నాయి. "సూక్ష్మ కాంతి ఉంటది," అన్నాడు ఉపేందర్.

ఆ మాట నోట్లోంచి రాగానే నాలుక కరుచుకున్నాడు. కానీ అప్పటికే ఇద్దరు దాన్ని నోటుబుక్కులో రాసుకున్నారు. మరుసటి ఆదివారానికి సూక్ష్మ కాంతి ఎన్ని రకాలని ప్రశ్న వచ్చింది. మూడని చెప్పాడు.

ఆ ఏడు కుటుంబాల్లో అందరూ అతనంత గట్టివాళ్లు కారు. ఒకరోజు కరెంటు లైన్‌మన్ హరిలాల్ ఇంటికి పోతే, వాకిట్లో గోడవారగా నిలబెట్టిన ఒక గోనెసంచి కింద తడి కనబడింది.

"గదేంది హరిలాల్?"

"వడ్ల బస్తా అన్నా."

"వడ్ల బస్తా కారుతుందేంది?"

"వానకు తడిసింది."

"వానపడి నెలయింది గద."

"అందుకే జర మెల్లగ కారుతుందన్నా."

ఉపేందర్ ఆ సంచి ఎత్తి చూడలేదు. ఎత్తితే నల్లా బయటపడుతుంది. నల్లా బయటపడితే తన సందేహమూ బయటపడుతుంది. ఇద్దరూ చాయ్ తాగి, సూక్ష్మ కాంతి గురించి కాసేపు మాట్లాడుకున్నారు.

ఇట్లా ఏళ్లు గడిచాయి. మొన్న చలికాలంలో కళ్యాణికి కుడి భుజం పట్టేసింది. దవాఖానలో ఫోటో తీసి చూసిన డాక్టర్, ఇక మీద బిందె ఎత్తితే చెయ్యి పైకి లేవదని చెప్పాడు. ఆమె నల్లా బిగించమని అడగలేదు, గొడవ పడలేదు. ఇంటికొచ్చి బిందె అతని ముందు పెట్టి, "ఇగ నువ్వు మొయ్యి," అంది.

నాలుగు రోజులు మోశాడు. బిందె భుజం మీదికెక్కగానే సగం నీళ్లు వీపు మీదుగా ధోవతిలోకి దిగేవి. వాకిలి ఊడుస్తున్న సువార్తమ్మ చీపురు ఆపి మరీ చూసేది.

"ఏం తమ్మీ, సూక్ష్మ కాంతి బరువుందా?"

"బరువే ఉందక్కా."

అతనికి మాత్రం నవ్వు రాలేదు. పందొమ్మిదేళ్లు మనసులో ఉన్న సందేహం నాలుగే రోజుల్లో భుజం మీదికి దిగింది. మనసులో ఉన్నప్పుడు ఎంతకాలమైనా మోయవచ్చని, భుజం మీదికి వస్తేనే దాన్ని ఎవరినైనా అడగాలనిపిస్తుందని అతనికి అర్థమైంది. తనవంటి తత్వవేత్తకు ఇది చిన్న విషయం కాదు.

ఐదో రోజు దుకాణానికి సెలవు పెట్టాడు. "కోదాడ పోయొస్త. గురువుగారినే అడుగుత, నల్లా ఎందుకు వద్దన్నడో."

కళ్యాణి ఎడమచేత్తో కూర కలుపుతోంది. తల తిప్పకుండానే అంది. "అడుగు. ఏదన్న కారణముంటే మంచిదే. నా భుజం ఉత్తగ పోలేదనుకుంట."

ఆ మాట అతనితోపాటే బస్సెక్కింది. మునగాల దాటేదాకా కిటికీలోంచి వరి మళ్లు చూస్తూ ఒక్కటే మొక్కుకున్నాడు: స్వామీ, కారణం ఉండేటట్టు చూడు. ఎంత చిన్నదైనా సరే.

కోదాడలో హాలుకు తాళం ఉంది. దాన్ని చూసుకునే నరేందర్ వెనక గదుల్లో ఉంటాడు. ఏటా సభకు వచ్చినా ఉపేందర్ ఎప్పుడూ హాలు దాటి లోపలికి పోలేదు. సభల్లో నీళ్లు డబ్బాల్లో తెచ్చిపెట్టేవారు. "సూసిండ్రా, ఈడ గూడ నల్లా లేదు," అని తనవాళ్లకు ఆ డబ్బాలు చూపించిందీ అతనే.

నరేందర్ ఇల్లు లోపలంతా తెల్లగా ఉంది. తలుపులు తెలుపు, చెప్పులు తెలుపు, గోడకు వేలాడే గొడుగూ తెలుపే. గోరింటాకు పెట్టిన ఆయన జుట్టు ఇటుక రంగులో ఉంది. ఉపేందర్ వాటినేమీ పట్టించుకోలేదు. "జర మంచినీళ్లు ఇప్పియ్యండి," అన్నాడు.

నరేందర్ గ్లాసు తీసుకొని, వంటింటి గోడకున్న నల్లా తిప్పాడు. నీళ్లు బుసబుసా పడ్డాయి.

"మీ ఇంట్ల నల్లా ఉందా!"

"నల్లా ఏంటండీ, కుళాయి కదా."

"అదే... ఇంట నల్లా వలదని గద మన పాట?"

"అవునండీ, ఇంట నల్ల వలదు. నలుపు వద్దని. నలుపైతే వెలుగు మొత్తం మింగేసి ఏమీ తిరిగివ్వదు కదండీ. అందుకే మా ఇంట్లో చూడండి, ఇనప పెనం కూడా ఉంచలేదు. ఒక్క జుట్టు దగ్గరే ఇబ్బంది, నెలకోసారి గోరింటాకు తప్పట్లేదు." చెబుతూ చెబుతూ నరేందర్ ఆగాడు. "అదేంటండీ, మీరు కుళాయి గానీ పీకేశారా? ఎన్నాళ్లయింది?"

"మొన్ననే," అన్నాడు ఉపేందర్.

పాటలో మొదటి సగాన్ని పందొమ్మిదేళ్లు తప్పుగా పాటించినవాడు, ఆ నిమిషాన రెండో సగాన్ని కూడా తప్పాడు.

సోమయ్య పెద్దవయసు మీద పడడంతో ఈమధ్యే మిర్యాలగూడలో కూతురి దగ్గరికి పోయాడని నరేందర్ అడ్రసు రాసిచ్చాడు. ఇంత తెలిశాక తిరిగి ఇంటికే పోవచ్చు. కానీ పోయి కళ్యాణికి ఏం చెప్పాలి? ఒక్క దీర్ఘం ఎక్కువైంది, నీ భుజం పోయింది అని చెప్పాలా? గురువుగారిని అడిగితే, ఈ పొరపాటుకైనా ఏదో ఒక అర్థం చెప్పకపోతాడా అని హుజూర్‌నగర్ మీదుగా పోయే బస్సెక్కాడు.

మిర్యాలగూడలో ఆ వీధి వీధంతా మిల్లుల్లో ఉడికే వడ్ల వాసన. సోమయ్య కూతురు జ్యోత్స్న టీచర్. తలుపు తీసి, "నాన్నా, సూర్యాపేట నుంచి ఎవరో వచ్చారు," అని వరండాలోకి తీసుకుపోయింది.

ఎండలో కుర్చీ వేసుకొని కూర్చున్న పెద్దాయనను చూసి ఉపేందర్ గుమ్మంలోనే ఆగిపోయాడు. ఆయన మెడ నుంచి మోకాళ్ల దాకా నల్లటి గొంగడి కప్పుకొని ఉన్నాడు.

"గురువుగారూ, నలుపు..."

"ఎండంతా పట్టుకుంటుందయ్యా ఇది. వెచ్చగా ఉంటుంది," అన్నాడు సోమయ్య. కళ్లు దాదాపు పోయాయి, వెలుగు ఎటుందో మాత్రం తెలుస్తుంది. "కూర్చో. ఏ ఊరన్నావ్?"

ఉపేందర్ కూర్చొని అంతా చెప్పాడు. ఈసారి మొన్ననే అనలేదు, పందొమ్మిదేళ్లనే అన్నాడు. నల్లా పీకినదీ, చీకటి పైపులూ, మూడు రకాల సూక్ష్మ కాంతీ ఏదీ దాచలేదు. సోమయ్య మొదట సరిగా వినబడనట్టు చెవి ముందుకు పెట్టాడు. తరువాత గొంగడి కిందనుంచి ఆయన పొట్ట కదలడం మొదలైంది. నవ్వి నవ్వి దగ్గు తెరలోకి పోతే జ్యోత్స్న వచ్చి వీపు రాసింది.

"కుళాయి పీకేశాడంటమ్మా!"

"విన్నాను నాన్నా. మీరు ఊపిరి పీల్చుకోండి ముందు."

"మరి కోదాడోళ్లదే కరెక్టా గురువుగారూ?" అన్నాడు ఉపేందర్. "నలుపు వద్దనేనా మీరు పాడింది?"

"నలుపంటే నాకేం పగయ్యా? నాకు అన్నం పెట్టిందే నల్లరంగు. అసలు సంగతి చెప్తా విను. మాది ఒక్క గది ఇల్లు. నేను నల్లరంగు తొట్టి పొయ్యి పక్కన పెట్టుకునేవాణ్ణి. అన్నంలో పడేది, పిల్ల జుబ్బా మీద పడేది. మా ఆవిడ ఓ రోజు గరిటె పట్టుకుని చెప్పింది, ఇంట్లో నల్ల పెట్టావంటే ఊరుకునేది లేదు, పెట్టనని అబద్ధాలాడితే అసలే ఊరుకోనని. నేను తొట్టి బయట పెట్టుకుని, ఆవిడ తిట్టినదాన్నే పాట కట్టి పాడుకుంటూ చీరలు ఉడకబెట్టేవాణ్ణి. బాణీ బావుందని సభలో ఎత్తుకున్నా. జనం చప్పట్లు కొట్టారు. నేనూ మానలేదు."

ఉపేందర్ లెక్కేసుకున్నాడు. కోదాడలో ఇనప పెనాలు పోయాయి, సూర్యాపేటలో నల్లాలు పోయాయి. ఇంతకూ అది ఒక ఇల్లాలు పొయ్యి దగ్గర నిలబడి తిట్టిన తిట్టు.

సోమయ్య నవ్వు ఆగింది. వెలుగున్న వైపు నుంచి మొహం తిప్పి ఉపేందర్ వైపు పెట్టాడు. "అది సరే. ఇన్నేళ్లూ నీళ్లు ఎవరు మోశారు?"

"మా ఆమె."

పెద్దాయన గొంగడి అంచు వేళ్లతో నలుపుతూ ఉన్నాడు. "మా ఇంట్లోనూ అంతేనయ్యా. తొట్టికి నీళ్లన్నీ మా ఆవిడే తోడి పోసేది. వెలుగు గురించి అన్ని ఆదివారాలు చెప్పాను, ఆ నీళ్లు ఎవరివో ఒక్కరోజూ చెప్పలేదు. ఇప్పుడు చెప్పుకుందామంటే ఆవిడ లేదు. నీకింకా ఉంది కదా, పో."

ఉపేందర్ లేచి, ఆయన కాళ్లకు దండం పెట్టి, గుమ్మం దాకా పోయి వెనక్కి వచ్చాడు. "గురువుగారూ, మరి ఆ బదులు సంగతన్న నిజమేనా? తిరిగిచ్చినదాన్ని బట్టే పేరనేది?"

"అది నా కళ్లతో చూసి చెప్పాను. మిగిలిందంతా పాట."

సూర్యాపేట బస్సులో ఉపేందర్‌కు వద్దన్నా కారణాలు తట్టడం మొదలుపెట్టాయి. చెయ్యి తిరిగినవాడు కదా, ఊరు వచ్చేసరికి నాలుగు తయారయ్యాయి. అందులో మూడోది, నీళ్లు మోసిన ఇల్లాలి పుణ్యం ఇంటిల్లిపాదికీ వెలుగై వస్తుందన్నది, ఎంత బాగుందంటే తనకే కళ్లు చెమ్మగిల్లాయి. కళ్యాణికి ఇది చెబితే చాలు, భుజం ఉత్తగ పోలేదనుకుంటుంది. హాయిగా ఉంటుంది.

ఇంట్లోకి అడుగుపెట్టాడు. కళ్యాణి దీపం దగ్గర కూర్చొని ఎడమచేత్తో భుజానికి మందు రాసుకుంటోంది.

"దొరికిందా కారణం?"

నోరు తెరిచాడు. మూడో కారణం నాలుక చివర సిద్ధంగా ఉంది. దీపం వెలుగు ఆమె మొహం మీద పడుతోంది.

"లేదు. నేనే తప్పు ఇన్న. నల్ల అన్నడట, నలుపు. నేను నల్లా అనుకున్న. ఆ నలుపు గూడ ఆయన పెండ్లాం తిట్టిన తిట్టట. నీ భుజం ఉత్తగనే పోయింది."

కళ్యాణి సీసాకు మూత బిగించింది. "నువ్వేందో తప్పిన్నవని నాకు మొదటి దినమే ఎరుక. ఏమిన్నవో ఇయ్యాల తెలిసింది." లేచి వంటింట్లోకి పోతూ, "సూక్ష్మ కాంతి," అంది.

ఆ పూట అన్నం పెట్టింది, కూర వేసింది, నీళ్ల గ్లాసు మాత్రం పెట్టలేదు. ఉపేందర్ తానే లేచి ముంచుకొని తాగాడు.

పోయినేడు మున్సిపాలిటీవాళ్లు వీధంతా కొత్త పైపులు వేసినప్పుడు, ఉపేందర్ ఇంటి ముందు కూడా ఒకటి నిలబెట్టి, నల్లా వద్దన్నాడని మూత బిగించి పోయారు. ఇప్పుడు తెల్లారగానే అతను హరిలాల్‌కు ఫోన్ చేసి పానా తెప్పించాడు. మూత ఊడదీసి నల్లా బిగిస్తుంటే హరిలాల్ మెల్లగా అడిగాడు, "అన్నా, అయితే నేను గా బస్తా తీసెయ్యొచ్చా?"

"తియ్యి. వడ్లు మొలకలొచ్చుంటయి."

కొత్త పైపుల్లో నీళ్లు ఇప్పుడు పొద్దెక్కేదాకా వస్తాయి. మొదట మట్టిరంగులో పడి, కాసేపటికి తేటబడ్డాయి. అప్పుడే పైకి వస్తున్న ఎండ ఆ ధార మీద పడింది. ఉపేందర్ ఏదో చెప్పబోయి, కళ్యాణి మొహం చూసి మానుకున్నాడు. ఆమె బిందె తెచ్చి నల్లా కింద పెట్టింది.

"మొదటి బిందె మనది గాదు," అంది.

ఎవరిదో అతనికి చెప్పనక్కరలేదు. నిండిన బిందె భుజానికెత్తుకొని, వీపు తడుపుకుంటూ, పక్కింటి వాకిట్లోకి పోయాడు. సువార్తమ్మ అంగన్‌వాడీకి బయలుదేరుతూ చెప్పులు వేసుకుంటోంది.

"ఇయ్యాల ఇటు మోసుకొస్తున్నవేంది తమ్మీ? తొవ్వ తప్పినవా?"

"తొవ్వ తప్పింది ఇయ్యాల గాదక్కా. ఇది నీ బిందె బదులు. కళ్యాణి అప్పుడు తీసుకున్నది."

సువార్తమ్మ బిందెను చూసింది, గోడ అవతల నిలబడి ఉన్న కళ్యాణిని చూసింది.

"మరి తర్వాతి బిందెల సంగతేంది?"

"బదులన్నది ఒక్కదానికే వదినా," అంది కళ్యాణి గోడ మీదినుంచి. "మిగిలినయి నువ్వు ఉత్తగనే ఇచ్చినవ్. గవి తీర్సుడు మాతోని గాదు."

సువార్తమ్మ చెప్పులు విడిచి వచ్చి, వంగి బిందెలోకి తొంగి చూసింది. వేలు పెట్టి అంచుకు ఎంత వెలితి ఉందో కొలిచింది.

"నిండ లేదు తమ్మీ. నేనిచ్చినప్పుడు అంచుదాక ఇచ్చిన. సగం నీ ధోవతికే పోసినవ్."

ఉపేందర్ ఇంటికి పోయి, నల్లా కింద చెంబు నింపి, రెండు చేతులతో పట్టుకొని వచ్చి బిందెలో పోశాడు. నీళ్లు అంచుదాకా వచ్చి, పొర్లి, ఆమె వాకిట్లోకి జారాయి.

"ఆఁ, ఇగ చెల్లు," అంది సువార్తమ్మ.

గోడ అవతల నల్లా అట్లాగే వదిలేసి వచ్చాడని కళ్యాణి కేకేస్తుంటే, ఖాళీ చెంబు పట్టుకొని పరుగెత్తాడు.